సహకార సంఘ ఉద్యోగికి శిక్ష: పాలకవర్గం అధికారం ఎంతవరకు?

హైదరాబాద్ శివారులోని ఒక సహకార పరపతి సంఘం తన గుమస్తాకు ఇచ్చిన ఉత్తర్వు ఆమధ్య నా చేతికి వచ్చింది. మొత్తం ఐదు వాక్యాలు. ఎరువుల గోదాములో పన్నెండు యూరియా బస్తాలు తక్కువ వచ్చాయని మొదటి వాక్యం. మీరిచ్చిన సంజాయిషీ సంతృప్తికరంగా లేదని రెండోది. పాలకవర్గం ఏకగ్రీవంగా తీర్మానించిందని మూడోది. రేపటి నుంచి విధులకు రానవసరం లేదని నాలుగోది. బస్తాల ఖరీదుతో పాటు యాభై వేల రూపాయల జరిమానా కూడా కట్టాలని ఐదోది. కింద అధ్యక్షుడి సంతకం, దాని మీద సగం పడేలా వేసిన సంఘం గుండ్రటి ముద్ర.

ఇలాంటి కాగితం చదివినవాళ్లు సాధారణంగా రెండు మాటలు అంటారు. సంఘం సభ్యులది, డబ్బు సభ్యులది, ఉద్యోగిని ఉంచుకోవడమో తీసేయడమో వాళ్ల ఇష్టమని కొందరు. సహకార శాఖ అజమాయిషీలో నడిచేది కాబట్టి ఇది ప్రభుత్వ ఉద్యోగం లాంటిదే, హైకోర్టులో రిట్ (ప్రభుత్వ చర్యను నేరుగా ప్రశ్నించే పిటిషన్) వేస్తే ఉత్తర్వు నిలవదని మరికొందరు. రెండు మాటల్లోనూ కొంత నిజముంది, కానీ రెండూ సగంలోనే ఆగిపోతాయి. సంఘానికి శిక్షించే అధికారం ఉంది. అయితే ఆ అధికారం ఏ కాగితం నుంచి పుట్టిందో ఆ కాగితమే దానికి మొదటి హద్దు, ఆ కాగితానికి పైన ఉన్న చట్టాలు తర్వాతి హద్దులు. ఈ వరుస అర్థమైతే మిగిలిన చిక్కుముడులు చాలావరకు విడిపోతాయి.

ముందు తేల్చుకోవలసింది: సంఘం ఏ చట్టం కింద నమోదైంది?

'సహకార సంఘం' అని ఒకే పేరుతో పిలుస్తున్నా, తెలంగాణలో వీటిని మూడు వేర్వేరు చట్టాలు నడిపిస్తున్నాయి. ప్రాథమిక వ్యవసాయ సహకార సంఘాలు, జిల్లా కేంద్ర బ్యాంకులు, హైదరాబాద్ ట్రూప్ బజారులో ప్రధాన కార్యాలయం ఉన్న రాష్ట్ర సహకార అపెక్స్ బ్యాంకు, చాలా గృహనిర్మాణ సంఘాలు 1964 నాటి సహకార సంఘాల చట్టం కిందికి వస్తాయి. ప్రభుత్వ వాటా ధనం లేకుండా, తమ నిధులతో తామే నడుపుకొనే సంఘాల కోసం 1995లో పరస్పర సహాయ సహకార సంఘాల చట్టం వచ్చింది. ఒకటికి మించిన రాష్ట్రాల్లో సభ్యులున్న వాటికి 2002 నాటి బహుళ రాష్ట్ర సహకార సంఘాల చట్టం వర్తిస్తుంది.

ఈ తేడా పేరుకు మాత్రమే కాదు. 1964 చట్టం కింద రిజిస్ట్రారుకు, అంటే సంఘాలను నమోదు చేసి పర్యవేక్షించే సహకార శాఖ అధికారికి, తనిఖీ, విచారణ, పర్యవేక్షణ అధికారాలు విస్తారంగా ఉంటాయి. 1995 చట్టం కింద సిబ్బంది వ్యవహారాలు దాదాపు పూర్తిగా సంఘం నియమావళికే వదిలేశారు. అందుచేత ఒక సంఘం విషయంలో వచ్చిన తీర్పును చట్టం చూడకుండా మరో సంఘానికి అన్వయిస్తే పొరపాటు జరుగుతుంది.

మూడింటికీ వర్తించే ఒక మాట మాత్రం ఇక్కడే చెప్పాలి. ప్రభుత్వోద్యోగులకు రాజ్యాంగం 311వ అధికరణం ఇచ్చే రక్షణ సహకార సంఘ ఉద్యోగులకు లేదు. ఆ అధికరణం కేంద్ర, రాష్ట్ర ప్రభుత్వాల సివిల్ పదవుల్లో ఉన్నవారికే. కలెక్టరేట్ గుమస్తా, సహకార సంఘం గుమస్తా ఒకే రకమైన రిజిస్టరు రాస్తున్నా, చట్టం దృష్టిలో వారి ఉద్యోగాల స్వభావం వేరు.

బైలాలు చట్టమా, ఒప్పందమా?

సంఘం బైలాలను, అంటే తన కోసం తాను రాసుకున్న నియమావళిని, రిజిస్ట్రారు ఆమోదించి నమోదు చేస్తారు కాబట్టి వాటికి చట్టంతో సమానమైన బలం ఉంటుందని చాలామంది అనుకుంటారు. ఈ ప్రశ్నకు సుప్రీంకోర్టు 1969లోనే జవాబిచ్చింది. ఆ వివాదం మన హైదరాబాద్ నుంచే వెళ్లింది. ఆంధ్రప్రదేశ్‌లోని సహకార కేంద్ర బ్యాంకులకూ వాటి ఉద్యోగులకూ మధ్య సేవా నిబంధనల మీద వచ్చిన తగాదాను ప్రభుత్వం హైదరాబాద్ పారిశ్రామిక ట్రిబ్యునల్‌కు నివేదించింది. బైలాల్లో రాసుకున్న సేవా నిబంధనలను ట్రిబ్యునల్ మార్చజాలదనీ, ఏ తగాదా అయినా సహకార చట్టం ప్రకారం రిజిస్ట్రారు దగ్గరే తేలాలనీ బ్యాంకులు వాదించాయి. సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. బైలాలు కంపెనీల ఆర్టికల్స్ ఆఫ్ అసోసియేషన్ (కంపెనీ అంతర్గత నియమావళి) లాంటివి, వాటికి లోబడినవారిని కట్టిపడేస్తాయి తప్ప వాటికి శాసనబలం లేదు, సేవా నిబంధనలను మార్చే పని రిజిస్ట్రారు పరిధిలోకి రాదు అని తేల్చింది.

ఈ తీర్పు రెండువైపులా పదునున్న కత్తి. బైలాలు ఒప్పందమే కాబట్టి వాటిని దాటి కార్మిక చట్టాలు ఉద్యోగికి ఎక్కువ రక్షణ ఇవ్వగలవు. అదే కారణంగా, కేవలం బైలాల ఉల్లంఘన జరిగిందన్న ఫిర్యాదుతో హైకోర్టు తలుపు తట్టడం కష్టమవుతుంది. అయితే ఒప్పందమే కదా అని పాలకవర్గం తేలిగ్గా తీసుకోవడానికి వీల్లేదు. తాను రాసుకున్న ఒప్పందానికి ముందుగా కట్టుబడవలసింది సంఘమే. శిక్షించే అధికారి కార్యదర్శి అని నియమావళి చెబితే అధ్యక్షుడు ఒంటరిగా సంతకం చేసిన ఉత్తర్వుకు ఆధారం ఏమిటన్న ప్రశ్న వస్తుంది. పాలకవర్గం మొత్తం కూర్చుని తీర్మానించాలని ఉంటే, కోరం లేని సమావేశంలో చేసిన తీర్మానం మీద నిలిచిన ఉత్తర్వు ఎంత న్యాయంగా కనిపించినా పునాది లేనిదే.

జాబితాలో లేని శిక్ష వేయవచ్చా?

సేవా నియమావళుల్లో శిక్షలను సాధారణంగా రెండు రకాలుగా విడదీస్తారు. మందలింపు, ఇంక్రిమెంటు తాత్కాలికంగా ఆపడం, ఉద్యోగి వల్ల జరిగిన నష్టాన్ని జీతం నుంచి వసూలు చేయడం వంటివి స్వల్ప దండనలు. కింది హోదాకు దించడం, తొలగింపు, బర్తరఫ్ వంటివి తీవ్ర దండనలు. తొలగింపు, బర్తరఫ్ రెండూ ఉద్యోగం పోగొట్టేవే అయినా, మళ్లీ అదే సంస్థలో ఉద్యోగానికి అర్హత కూడా పోవడం సాధారణంగా బర్తరఫ్ లక్షణం.

ఇక్కడ అసలు సూత్రం ఒకటుంది. నియమాల్లో లేని శిక్షను క్రమశిక్షణ చర్య పేరిట విధించడానికి వీల్లేదు. 2012లో ఉత్తరప్రదేశ్‌కు చెందిన ఒక పోలీసు అధికారి కేసులో సుప్రీంకోర్టు ఈ మాట స్పష్టంగా చెప్పింది. అతని నిజాయితీ ధ్రువపత్రాన్ని నిలిపివేయడాన్ని శిక్షగా విధించారు. అలాంటి శిక్ష నియమాల జాబితాలో లేదు కాబట్టి చెల్లదంది. అది ప్రభుత్వోద్యోగి కేసే అయినా, అందులోని తర్కం సహకార సంఘానికి మరింత బలంగా అతుకుతుందని నా అభిప్రాయం. ప్రభుత్వానికి శాసనాధికారం ఉంది. సంఘానికి ఉన్నది తాను రాసుకున్న నియమావళి ఒక్కటే, అందులో లేని అధికారం మరెక్కడి నుంచి వస్తుంది?

జరిమానా విషయం ఇంకా ఖచ్చితంగా ఉంది. దీనికి బైలాల దాకా కూడా పోనక్కరలేదు. 2019 వేతనాల స్మృతి (కోడ్), అంతకుముందు 1936 నాటి వేతనాల చెల్లింపు చట్టం ఒకే రకమైన హద్దులు పెట్టాయి. ఏయే తప్పులకు జరిమానా వేస్తారో ప్రభుత్వ ఆమోదంతో ముందే నోటీసుగా ప్రకటించి ఉండాలి. ఉద్యోగికి చెప్పుకొనే అవకాశం ఇవ్వాలి. ఒక వేతన కాలంలో వేసే మొత్తం జరిమానా ఆ కాలపు వేతనంలో 3 శాతం దాటకూడదు. దాన్ని వాయిదాల్లో వసూలు చేయకూడదు, విధించిన 90 రోజుల తర్వాత అసలే వసూలు చేయకూడదు. వసూలైన జరిమానాను కూడా సంఘం తన లాభంలో కలుపుకోకూడదు, ఉద్యోగుల మేలు కోసమే ఖర్చు పెట్టాలి.

మన గుమస్తా దగ్గరికి వద్దాం. అతని నెల వేతనం 20,000 రూపాయలు అనుకుందాం. ఒక నెలలో అతనికి వేయగల గరిష్ఠ జరిమానా 600 రూపాయలు. ఉత్తర్వులో రాసింది 50,000. ఇక బస్తాల లెక్క. 45 కిలోల యూరియా బస్తా గరిష్ఠ చిల్లర ధర 266 రూపాయల 50 పైసలు, పన్నెండు బస్తాలకు 3,198 రూపాయలు. ఇది జరిమానా కాదు, నష్టం వసూలు. సరుకు అతని అధీనంలో ఉండి, అతని నిర్లక్ష్యం వల్లే నష్టం జరిగిందని తేలితే, సంజాయిషీ అడిగిన తర్వాత ఆ మొత్తం వరకు జీతం నుంచి కోయవచ్చు. జరిగిన నష్టానికి మించి ఒక్క రూపాయి కూడా కోయకూడదు. అన్ని రకాల కోతలూ కలిపి ఆ నెల వేతనంలో సగం, అంటే 10,000 రూపాయలు దాటకూడదు. గోదాము తాళం చెవులు ఇద్దరి దగ్గర ఉంటే, హమాలీలు దించిన బస్తాల లెక్కను లారీ రసీదుతో ఎవరూ సరిచూడకపోతే, నష్టం అతని ఒక్కడి ఖాతాలో వేయడానికి ముందు ఆ సంగతులు తేలాలి.

ఒక్క మాటలో దాగిన పెద్ద శిక్ష

ఇంక్రిమెంటు ఆపడం చిన్న శిక్షగా వినిపిస్తుంది. ఉత్తర్వులో 'సంచిత ప్రభావంతో' అన్న మాట చేరితే మాత్రం దాని స్వరూపమే మారిపోతుంది. సంచిత ప్రభావం లేకుండా ఒక ఇంక్రిమెంటును ఏడాది పాటు ఆపితే, ఏడాది గడిచాక ఉద్యోగి తన పాత మెట్టుకు చేరుకుంటాడు. సంచిత ప్రభావంతో ఆపితే ఆ మెట్టు శాశ్వతంగా పోతుంది, పదవీ విరమణ దాకా అతను ఒక అడుగు వెనకే నడుస్తాడు.

ఇంక్రిమెంటు విలువ నెలకు 600 రూపాయలు, ఇంకా ఇరవై ఏళ్ల సర్వీసు ఉంది అనుకుందాం. మొదటి రకం శిక్షలో నష్టం 7,200 రూపాయలు. రెండో రకంలో, కరువు భత్యం లెక్కలోకి తీసుకోకుండానే, 1,44,000 రూపాయలు. ముప్ఫై ఏళ్ల సర్వీసుకు వచ్చే గ్రాట్యుటీలో మరో 10,385 రూపాయలు తగ్గుతాయి. 1990లో పంజాబ్ నుంచి వచ్చిన ఒక కేసులో సుప్రీంకోర్టు ఇదే కారణంతో, సంచిత ప్రభావంతో ఇంక్రిమెంట్లు ఆపడం తీవ్ర దండన కిందికి వస్తుందనీ, పూర్తి స్థాయి విచారణ లేకుండా విధించరాదనీ తేల్చింది. ఒక నోటీసు, ఒక సంజాయిషీ, ఒక తీర్మానంతో పని ముగించాలనుకున్న పాలకవర్గాలు ఎక్కువగా పొరబడేది ఇక్కడే.

విచారణ అంటే ఏది విచారణ?

సహకార రంగంలో 'విచారణ' అన్న మాటకు రెండు అర్థాలున్నాయి. గందరగోళంలో సగం ఇక్కడి నుంచే పుడుతుంది. 1964 చట్టం 51వ సెక్షన్ కింద రిజిస్ట్రారు సంఘం పనితీరు మీద, ఆర్థిక స్థితి మీద విచారణ జరిపిస్తారు. వాడుకలో దీన్ని 'ఫిఫ్టీ వన్ ఎంక్వైరీ' అంటారు. 60వ సెక్షన్ కింద సంఘం సొమ్ముకు నష్టం కలిగించిన వారి నుంచి రాబట్టే సర్‌చార్జి విచారణ ఇంకొకటి. ఈ రెండూ ఉద్యోగి దుష్ప్రవర్తన మీద జరిగే శాఖాపరమైన విచారణలు కావు. మొదటిది సంఘం ఆరోగ్యాన్ని చూస్తుంది, రెండోది పోయిన సొమ్మును వెనక్కి తెస్తుంది. ఉద్యోగిని ఉద్యోగంలో ఉంచాలా వద్దా అన్నది రెండింటి ప్రశ్నా కాదు.

అయినా ఆచరణలో జరిగేది ఏమిటంటే, ఆడిట్‌లో తేడా బయటపడుతుంది, ఫిఫ్టీ వన్ ఎంక్వైరీ నివేదిక వస్తుంది, ఆ నివేదికనే తీర్పుగా తీసుకుని ఉద్యోగిని తీసేస్తారు. ఆ నివేదిక అభియోగానికి ఆధారం కావచ్చు గానీ, దానంతట అది రుజువు కాదు. 2008లో ఒక బ్యాంకు ఉద్యోగి కేసులో సుప్రీంకోర్టు చెప్పిన సూత్రం ఇక్కడ వర్తిస్తుంది: పత్రాలను విచారణాధికారి ముందు ఉంచినంత మాత్రాన సరిపోదు, వాటిలోని విషయాన్ని సాక్షి ద్వారా రుజువు చేయాలి.

క్రమశిక్షణ విచారణకు కావలసినవి పెద్ద లెక్కలేమీ కావు. ఏ తేదీన, ఏ తప్పు, ఏ నియమానికి విరుద్ధమో చెప్పే అభియోగ పత్రం ఉండాలి. ఆధారపడుతున్న పత్రాల నకళ్లు ఉద్యోగికి ఇవ్వాలి. జవాబుకు తగిన గడువు ఇవ్వాలి. సంఘం తరఫు సాక్షులను అతను ప్రశ్నించగలగాలి, తన సాక్షులను తెచ్చుకోగలగాలి. విచారణ జరిపే మనిషికి ఆ తగాదాలో సొంత ప్రమేయం ఉండకూడదు. పల్లె సంఘాల్లో ఈ చివరి షరతు పాటించడమే కష్టం, ఎందుకంటే ఫిర్యాదు చేసిన డైరెక్టరు, సాక్ష్యం చెప్పిన డైరెక్టరు, తీర్మానానికి చేయెత్తిన డైరెక్టరు తరచుగా ఒక్కరే అయి ఉంటారు. అలాంటప్పుడు ఆ డైరెక్టరు సమావేశం నుంచి తప్పుకుని, ఆ సంగతి మినిట్స్ పుస్తకంలో రాయించడం ఉత్తర్వును కాపాడుతుంది.

విచారణ నివేదిక నకలు ఇవ్వడం గురించి ప్రత్యేకంగా చెప్పాలి. 1993లో మన హైదరాబాద్‌లోని ఇ.సి.ఐ.ఎల్. కేసులో సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం, విచారణాధికారి వేరు, శిక్షించే అధికారి వేరు అయినప్పుడు, నిర్ణయానికి ముందే నివేదిక నకలు ఉద్యోగికి ఇచ్చి అతని మాట వినాలని చెప్పింది. ఈ నియమం ప్రభుత్వ, ప్రైవేటు సంస్థలన్నిటికీ వర్తిస్తుందని కూడా అదే తీర్పులో ఉంది. అందువల్ల 'మాది ప్రభుత్వ సంస్థ కాదు' అన్న జవాబు సహకార సంఘానికి ఇక్కడ పనికిరాదు. అదే తీర్పు సంఘాలకు కొంత ఊరట కూడా ఇచ్చింది. నకలు ఇవ్వలేదన్న ఒక్క కారణంతో ఉత్తర్వు తనంతట తాను రద్దు కాదు. దానివల్ల ఉద్యోగికి నిజంగా ఏ నష్టం జరిగిందో కోర్టు చూస్తుంది.

సస్పెన్షన్ శిక్ష కాదు, కానీ కడుపు మీద కొట్టగలదు

విచారణ ముగిసేదాకా ఉద్యోగిని పనికి దూరంగా ఉంచడమే సస్పెన్షన్. అది శిక్ష కాదు కాబట్టి జీవనభృతి ఇవ్వాలి. ఎంత ఇవ్వాలన్నది ఏ చట్టం వర్తిస్తుందన్న దాని మీద ఆధారపడుతుంది. స్టాండింగ్ ఆర్డర్లు (చట్టం ప్రకారం ధ్రువీకరించిన ఉద్యోగ షరతులు) వర్తించే పెద్ద సంస్థల్లో మొదటి 90 రోజులకు వేతనంలో సగం, ఆ తర్వాత జాప్యం ఉద్యోగి వల్ల కాకపోతే 75 శాతం. 2020 పారిశ్రామిక సంబంధాల స్మృతి 2025 నవంబరు 21న అమలులోకి వచ్చాక, ఆ నిబంధనలు 300 మంది లేదా అంతకు మించి కార్మికులున్న చోటే తప్పనిసరి. చిన్న సంఘాలకు 1988 నాటి దుకాణాలు, సంస్థల చట్టం 47వ సెక్షన్ దారి చూపుతుంది. దాని ప్రకారం మొదటి ఆరు నెలలకు సగం, తర్వాత 75 శాతం.

నెలకు 24,000 రూపాయల వేతనం ఉన్న ఉద్యోగి ఆరు నెలలు సస్పెన్షన్‌లో ఉంటే, మొదటి పద్ధతిలో 90,000 రూపాయలు, రెండో పద్ధతిలో 72,000 రూపాయలు వస్తాయి. సంఘం పరిమాణం తేడా వల్ల ఒకే స్థితిలో ఉన్న ఇద్దరి మధ్య పద్దెనిమిది వేల తేడా. భృతి అసలే ఇవ్వకుండా విచారణకు రమ్మంటే సంగతి ఇంకా తీవ్రం. 1999లో భారత్ గోల్డ్ మైన్స్ కేసులో, భృతి అందక ప్రయాణ ఖర్చులకు కూడా డబ్బు లేక ఉద్యోగి హాజరు కాలేకపోయిన ఏకపక్ష విచారణ చెల్లదని సుప్రీంకోర్టు తేల్చింది.

తప్పుకు తగిన శిక్ష: కోర్టులు ఎక్కడ ఆగుతాయి

అధికారం ఉంది, నియమం ఉంది, విచారణా సక్రమంగా జరిగింది. అయినా శిక్ష మరీ ఎక్కువైతే? ఇక్కడ రెండు ధోరణులు కనిపిస్తాయి. హైకోర్టులు, సుప్రీంకోర్టు సాధారణంగా శిక్ష పరిమాణాన్ని ముట్టుకోవు. మనస్సాక్షిని దిగ్భ్రాంతికి గురిచేసేంత అసమంజసంగా ఉంటేనే జోక్యం చేసుకుంటామని 1995 నుంచీ గట్టిగా చెబుతూ వచ్చాయి. కార్మిక వివాదాలు వినే ట్రిబ్యునళ్ల సంగతి వేరు. 1971లో పారిశ్రామిక వివాదాల చట్టంలో చేర్చిన 11-ఎ సెక్షన్, దుష్ప్రవర్తన రుజువైనా సరే, తొలగింపు అక్కర లేదనిపిస్తే తక్కువ శిక్ష వేసే అధికారం వాటికి ఇచ్చింది. 2020 పారిశ్రామిక సంబంధాల స్మృతిలోనూ ఆ అధికారం కొనసాగుతోంది.

పద్దెనిమిదేళ్లు మచ్చ లేకుండా పనిచేసిన అటెండరు, తల్లి ఆసుపత్రిలో ఉందని చెప్పకుండా ఏడు రోజులు రాకపోతే తొలగించారనుకుందాం. తప్పు జరిగింది, కానీ ట్రిబ్యునల్ తొలగింపును తగ్గించి, ఆ కాలానికి జీతం లేకుండా పనిలోకి తీసుకోమనే అవకాశం ఎక్కువ. క్యాషియరు పొదుపు ఖాతాదారు కట్టిన అయిదు వందల రూపాయలను పాసుపుస్తకంలో రాసి, క్యాష్‌బుక్‌లో రాయకుండా జేబులో వేసుకున్నాడని రుజువైతే లెక్క వేరు. 2000లో దక్షిణ కన్నడ జిల్లా సహకార హోల్‌సేల్ దుకాణమైన జనతా బజార్ కేసులో, దుర్వినియోగం రుజువయ్యాక మొత్తం చిన్నదన్న కారణంతో సానుభూతి చూపి ఉద్యోగిని తిరిగి తీసుకోమనడం సరికాదని సుప్రీంకోర్టు చెప్పింది. పోయిన సొమ్ము ఎంతన్న దానికన్నా పోయిన నమ్మకం పెద్దదన్నది ఆ తీర్పు సారం. మొత్తం చిన్నదైతే శిక్ష చిన్నది కావాలనుకునే ఉద్యోగ సంఘాలకు ఇది మింగుడుపడని తీర్పే, కానీ పొదుపు డబ్బు దాచుకున్న సభ్యుల వైపు నుంచి చూస్తే దాని న్యాయం కనిపిస్తుంది.

పదవీ విరమణ గడప దాటాక

ఉద్యోగి రిటైరయ్యాక క్రమశిక్షణ చర్య కొనసాగించవచ్చా? నియమావళిలో అందుకు స్పష్టమైన నిబంధన లేకపోతే కొనసాగించకూడదని 2014లో ఉత్తరప్రదేశ్ సహకార సంస్థల ఉద్యోగి కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. యజమాని, ఉద్యోగి సంబంధమే ముగిశాక క్రమశిక్షణ ఎవరి మీద? అంత మాత్రాన సంఘం సొమ్ము పోయినట్టు కాదు. సర్‌చార్జి దారి, సివిల్ దావా దారి తెరిచే ఉంటాయి.

గ్రాట్యుటీని ఆపేయడం ఇంకో అలవాటు. దానికీ హద్దుంది. ఉద్యోగిని తొలగించి ఉండాలి, ఆ తొలగింపుకు కారణం సంస్థకు నష్టం కలిగించడమైతే ఆ నష్టం మేరకే గ్రాట్యుటీ కోయాలి. హింస, అల్లరి ప్రవర్తన లేదా నైతిక పతనంతో కూడిన నేరం కారణమైతేనే మొత్తంగా గానీ పాక్షికంగా గానీ పోతుంది. తొలగించకుండా, రిటైరైన మనిషి ఫైలు మీద 'బకాయిలు తేలేదాకా నిలుపు' అని రాసి ఏళ్ల తరబడి ఉంచడానికి ఆధారం లేదు.

ఏ తలుపు తట్టాలి?

ఉద్యోగులు ఎక్కువగా నష్టపోయేది తప్పు తలుపు దగ్గర కాలం గడపడం వల్ల. మొట్టమొదట తట్టాలనిపించే తలుపు రిజిస్ట్రారుది. అయితే 1964 చట్టం 61వ సెక్షన్, ఉద్యోగి మీద సంఘం తీసుకున్న క్రమశిక్షణ చర్యకు సంబంధించిన వివాదాన్ని తన పరిధి నుంచి స్పష్టంగా మినహాయించింది. బహుళ రాష్ట్ర చట్టం 84వ సెక్షన్‌లోనూ అదే మినహాయింపు ఉంది. అన్ని రాష్ట్రాల్లోనూ ఇలాగే లేదు. కేరళ చట్టంలో ఉద్యోగ వివాదాలు కూడా సహకార వేదిక ముందుకు వెళ్తాయి. అక్కడి కొచ్చిన్ సహకార ఆసుపత్రి సంఘం కేసులో 2018లో సుప్రీంకోర్టు, ఉద్యోగి సహకార వేదికను గానీ కార్మిక వేదికను గానీ ఎంచుకోవచ్చని చెప్పింది. కేరళ తీర్పు చూపి మన దగ్గర రిజిస్ట్రారును ఆశ్రయిస్తే ఫలితం ఉండదు.

హైకోర్టు తలుపు సగం తెరిచి ఉంటుంది. అమలాపురంలోని కోనసీమ సహకార కేంద్ర బ్యాంకు కేసులో ఆంధ్రప్రదేశ్ హైకోర్టు పూర్తి ధర్మాసనం 1990లో ఇచ్చిన తీర్పు ఇప్పటికీ రెండు తెలుగు రాష్ట్రాల్లోనూ చర్చకు మూలం. సారాంశంగా చెప్పాలంటే, ఒప్పందంలాంటి బైలాల ఉల్లంఘనకు రిట్ మార్గం కాదు, చట్టం తప్పనిసరిగా విధించిన బాధ్యతను సంఘం ఉల్లంఘిస్తే రిట్ వేయవచ్చు. 2006లో కాంగ్రా కేంద్ర సహకార బ్యాంకు మేనేజరు కేసులో, ప్రభుత్వ నియంత్రణ లోతుగా లేని సహకార బ్యాంకు 'రాజ్యం' (రాజ్యాంగం దృష్టిలో ప్రభుత్వంతో సమానమైన సంస్థ) కిందికి రాదని సుప్రీంకోర్టు కూడా చెప్పింది.

పూర్తిగా తెరిచిన తలుపు కార్మిక చట్టాలది. సహకార సంస్థలు పరిశ్రమ నిర్వచనంలోకి రాగలవని 1978 బెంగళూరు నీటి సరఫరా సంస్థ తీర్పే చెప్పింది. తొలగింపునకు గురైన కార్మికుడు ముందు రాజీ అధికారికి దరఖాస్తు చేసుకుని, 45 రోజుల్లో తేలకపోతే నేరుగా ట్రిబ్యునల్‌కు వెళ్లవచ్చు. పాత చట్టంలో దీనికి మూడేళ్ల గడువు ఉండేది, కొత్త స్మృతి దాన్ని రెండేళ్లకు కుదించింది. వివాదం ఒకటి పెండింగులో ఉండగా, దానికి సంబంధం లేని దుష్ప్రవర్తనకైనా సరే, ఉద్యోగిని తొలగిస్తే సంబంధిత అధికారి ఆమోదం కోరాలి. ఆ దరఖాస్తు పెట్టకపోయినా, ఆమోదం రాకపోయినా తొలగింపు జరగనట్టేనని 2002లో జైపూర్ జిల్లా సహకార భూమి వికాస్ బ్యాంకు కేసులో రాజ్యాంగ ధర్మాసనం తేల్చింది. మరో దారి 1988 దుకాణాలు, సంస్థల చట్టం 48వ సెక్షన్ కింద అప్పీలు. ఆరు నెలలు నిరంతరాయంగా పనిచేసిన ఉద్యోగిని సహేతుక కారణం లేకుండా తొలగించకూడదనీ, నెల రోజుల నోటీసో నెల వేతనమో ఇవ్వాలనీ, విచారణలో దుష్ప్రవర్తన రుజువైతేనే నోటీసు అక్కర లేదనీ ఆ చట్టం చెబుతుంది.

స్వయంప్రతిపత్తి ఒకవైపు, భద్రత మరోవైపు

సంఘాల వైపు వాదనకు బలముంది. సహకార సంఘం ఏర్పాటు 2011 నాటి 97వ సవరణతో ప్రాథమిక హక్కుల్లో చేరింది, వాటి స్వయంప్రతిపత్తిని ప్రోత్సహించాలని 43-బి అధికరణం ప్రభుత్వానికి చెబుతోంది. ఆ సవరణలో రాష్ట్ర సంఘాలకు సంబంధించిన 9-బి భాగాన్ని 2021లో సుప్రీంకోర్టు కొట్టివేసినా ఈ రెండూ నిలిచే ఉన్నాయి. రైతులు పైసా పైసా కూడబెట్టిన వాటా ధనం మీద నడిచే చిన్న సంఘం, అవినీతి చేసిన ఉద్యోగిని తొలగించడానికి పదేళ్లు కోర్టుల చుట్టూ తిరగవలసి వస్తే ఆ ఖర్చు పడేది సభ్యుల మీదే. విచారణ జరపడం తెలిసిన మనిషి కూడా ఆ సంఘంలో ఉండకపోవచ్చు.

ఉద్యోగుల వైపు వాదన అంతకు తక్కువది కాదు. పాలకవర్గం ఎన్నికైనది, ఎన్నికలతో మారేది. పాత పాలకవర్గం నియమించిన గుమస్తాను కొత్త పాలకవర్గం అనుమానంగా చూడటం, స్టాకు తేడా సాకుగా దొరకడం ఊళ్లలో ఎవరికీ కొత్త సంగతి కాదు. 311 అధికరణం లేదు, రిట్ సగమే, రిజిస్ట్రారు పరిధి లేదు. అటువంటి ఉద్యోగికి మిగిలిన రక్షణ సక్రమమైన విచారణ ఒక్కటే. నా మటుకు నాకు ఈ రెండో వాదనే ఎక్కువ బరువుగా తోస్తుంది, ఎందుకంటే సక్రమంగా విచారణ జరిపిన సంఘానికి అవినీతిపరుణ్ణి తొలగించే దారి జనతా బజార్ తీర్పు విశాలంగానే తెరిచి ఉంచింది.

మళ్లీ ఆ ఐదు వాక్యాలు

గుమస్తా ఉత్తర్వులో అభియోగ పత్రం ప్రస్తావన లేదు, విచారణ తేదీ లేదు, నివేదిక లేదు. తొలగింపు వాక్యం విచారణ లేకుండా వేసిన తీవ్ర దండన, ట్రిబ్యునల్ ముందు నిలవడం కష్టం. అయితే అంతటితో గుమస్తా గెలిచినట్టు కాదు. విచారణ లోపభూయిష్ఠమైనా, ట్రిబ్యునల్ ముందే సాక్ష్యం పెట్టి తప్పును రుజువు చేసుకునే అవకాశం యాజమాన్యానికి ఉందని సుప్రీంకోర్టు 1973 ఫైర్‌స్టోన్ తీర్పు నుంచీ చెబుతోంది. జరిమానా వాక్యంలో 600 దాటిన ప్రతి రూపాయీ చట్టవిరుద్ధం, ముందస్తు నోటీసు లేకపోతే ఆ 600 కూడా. బస్తాల ఖరీదు 3,198 రూపాయలు మాత్రం, నిర్లక్ష్యం అతనిదేనని తేలితే, వసూలు చేయవచ్చు.

ఇదే ఉత్తర్వు గుమస్తాకు కాక సంఘం కార్యదర్శికి వచ్చి ఉంటే చిక్కు పెరుగుతుంది. యాజమాన్య, పాలనా బాధ్యతల్లో ఉన్నవారు, నెలకు 18,000 రూపాయలు మించిన వేతనంతో పర్యవేక్షక హోదాలో ఉన్నవారు కొత్త స్మృతిలో 'కార్మికుడు' నిర్వచనంలోకి రారు. సంఘం వ్యవహారాలపై నియంత్రణ ఉన్నవారికి దుకాణాల చట్టంలోనూ మినహాయింపులున్నాయి. అప్పుడు మిగిలేది సివిల్ కోర్టు. వ్యక్తిగత సేవా ఒప్పందాన్ని బలవంతంగా అమలు చేయించడం సాధారణంగా కుదరదు కాబట్టి, తొలగింపు తప్పని తేలినా అక్కడ దక్కేది నష్టపరిహారమే, కుర్చీ కాదు. అదే గోదాము, అవే పన్నెండు బస్తాలు, అదే ముద్ర ఉన్న కాగితం అయినా, గుమస్తా తిరిగి పనిలో చేరగలడు, కార్యదర్శి బహుశా చేరలేడు.